వరకట్న మరణాల కేసుల్లో సందేహం: పిఠాపురం నుంచి ఈనాటి దాకా

మస్కట్ నుంచి మాట్లాడుతున్నాను.

ఈ వారం విషయం కాస్త బరువైనది. పెళ్ళయిన కొద్ది ఏళ్ళకే అత్తవారింట్లో చనిపోయిన ఆడపిల్లల కేసుల గురించి మాట్లాడతాను. అవి కింది కోర్టు నుంచి హైకోర్టుకీ, అక్కణ్ణుంచి సుప్రీంకోర్టుకీ వెళ్ళినప్పుడు ‘సందేహం’ అనే ఒక్క మాట చుట్టూ ఎలా తిరిగాయో చెప్పాలని నా ప్రయత్నం. నేను లాయర్ని కాను. ఎమ్.టెక్ చదివి, ఇక్కడ కంపెనీలకు కంప్యూటర్ వ్యవస్థలు పెట్టించే పని చేస్తున్నాను. శుక్ర, శనివారాల్లో తీర్పులు చదవడం కొన్నేళ్ళుగా అలవాటైంది. దానికి కారణం మన తెలుగువాళ్ళ విందుల్లో విన్న రెండు మాటలు. ఒకరేమో "కేసు పెట్టి ఏం లాభం, చివరికి కొట్టేస్తారు" అంటారు. పక్కనే ఇంకొకరు "కేసు పెడితే చాలు, ముసలీ ముతకా అందరూ జైల్లోనే" అంటారు. ఇద్దరూ ఒకే బల్ల దగ్గర పులిహోర తింటూ అంటారు. ఒకే చట్టం గురించి ఈ రెండూ నిజమెలా అవుతాయని తీర్పులు తెరిచాను.

ముందు కొంచెం పాత కథ. మనలో కట్నం అనాదిగా ఉందనుకుంటాం గానీ, గురజాడవారు ‘కన్యాశుల్కం’ నాటకం రాసిన 1890లలో కొన్ని అగ్రహారాల్లో డబ్బు అటు నుంచి ఇటు వచ్చేది, పిల్లని అమ్మేవారు. ఒక తరం గడిచేసరికి కాళ్ళకూరి నారాయణరావుగారు ‘వరవిక్రయం’ రాయాల్సి వచ్చింది. బేరం తిరగబడి పిల్లవాడి వెల కట్టడం మొదలైంది. 1939లో అది సినిమాగా వచ్చింది, భానుమతిగారి మొదటి సినిమా అదే. అందులో కాళింది ఆత్మహత్య చేసుకుంటుంది. కట్నానికీ చావుకీ ఉన్న సంబంధం మన నాటకాలవాళ్ళకి చట్టం కంటే యాభై ఏళ్ళ ముందే తెలుసన్నమాట.

చట్టం కూడా మనవాళ్ళు త్వరగానే చేశారు. కేంద్రం 1961లో వరకట్న నిషేధ చట్టం తేవడానికి మూడేళ్ళ ముందే, 1958లో, ఆంధ్రప్రదేశ్ తన సొంత కట్న నిషేధ చట్టం చేసుకుంది. 1961 చట్టం మీద లోక్‌సభకీ రాజ్యసభకీ మాట కుదరక మన పార్లమెంటు చరిత్రలో మొదటిసారి ఉభయసభలూ కలిసి కూర్చోవలసి వచ్చింది. ఇంత హడావుడి చేసిన చట్టం తర్వాత ఇరవై ఏళ్ళు దాదాపు నిద్రపోయింది. నిద్ర లేపినవాళ్ళలో మొదటివారు హైదరాబాదు అమ్మాయిలే. ప్రోగ్రెసివ్ ఆర్గనైజేషన్ ఆఫ్ విమెన్ అని 1974లో మొదలైన సంఘం 1975లో కట్నానికి వ్యతిరేకంగా ఊరేగింపులు తీసింది. అంతలో ఎమర్జెన్సీ వచ్చి ఆ గొంతు నొక్కేసింది. 1979 నుంచి ఢిల్లీలో జరిగిన ఉద్యమాలు పేపర్ల కెక్కాయి కాబట్టి అందరూ అవే మొదలనుకుంటారు.

ఇక సందేహం సంగతి. "వందమంది దోషులు తప్పించుకున్నా పర్వాలేదు, ఒక్క నిర్దోషికి శిక్ష పడకూడదు" అని మన సినిమా కోర్టుల్లో వినని తెలుగువాడు ఉండడు. పద్దెనిమిదో శతాబ్దపు ఇంగ్లీషు న్యాయపండితుడు బ్లాక్‌స్టన్ చెప్పింది పదిమంది. అమెరికాలో బెంజమిన్ ఫ్రాంక్లిన్ 1785లో దాన్ని వంద చేశాడు. మన సినిమావాళ్ళకి వందే నచ్చింది. దీనికి మన సుప్రీంకోర్టులోనే ఒక మందలింపు ఉంది. 1973లో శివాజీ సాహెబ్‌రావ్ బోబడే కేసులో జస్టిస్ కృష్ణయ్యర్, ప్రతి చిన్న అనుమానాన్నీ సంశయ లాభం కింద ముద్దాయి చేతిలో పెట్టడం న్యాయం కాదనీ, దోషి ఊరికే బయటపడుతూ ఉంటే జనానికి చట్టం మీద నమ్మకం పోతుందనీ రాశారు. సందేహం సహేతుకంగా ఉండాలి. ఊహల్లోంచి పుట్టినది చాలదు.

మా ఆఫీసులో ఒక ఒమానీ మిత్రుడికి ఒకసారి ఇదంతా చెప్పబోతే, అతను రెండు విషయాలకి ఆశ్చర్యపోయాడు. ఒకటి, డబ్బు పిల్ల వైపు నుంచి వెళ్ళడం. ఇక్కడ మహర్ పెళ్ళికొడుకు ఇస్తాడు, అది భార్య సొత్తు. 1997 నాటి వాళ్ళ కుటుంబ చట్టంలోనూ అలాగే ఉంది. రెండోది, సందేహం గురించి నేను ఇంగ్లీషువాళ్ళ పేర్లు చెప్పడం. సందేహం ఉన్నచోట కఠిన శిక్షలను తప్పించండి అన్న సూత్రం తమ న్యాయశాస్త్రంలో శతాబ్దాలుగా ఉందన్నాడు. నిజమే, ఇస్లామిక్ న్యాయశాస్త్రంలో బాగా తెలిసిన సూత్రమది. ఒమన్ మూలశాసనం కూడా నేరం రుజువయ్యేదాకా నిందితుడు నిర్దోషే అంటుంది. అంటే సందేహం ఎవరి లాభానికి అన్న ప్రశ్న ఏ ఒక్క దేశానిదీ కాదు. మనకున్న చిక్కల్లా, నాలుగు గోడల మధ్య జరిగిన చావుకి ఆ సూత్రాన్ని ఎలా వర్తింపజేయాలనేది. నోరున్న సాక్షులంతా ముద్దాయి ఇంటివాళ్ళే. మిగిలిన ఒక్క సాక్షీ చనిపోయింది.

చనిపోయిన మనిషి మాట కోర్టులో చెల్లుతుందా? ఇక్కడే మన పిఠాపురం వస్తుంది.

1937 మార్చిలో పూరీ స్టేషన్లో ఒక మూడో తరగతి రైలు పెట్టెలో ఇనుప ట్రంకు పెట్టె దొరికింది. అందులో ముక్కలుగా నరికిన మనిషి శవం. ఆయన పిఠాపురం దివాను దగ్గర పనిచేసిన బంట్రోతు. దివాను కూతురూ అల్లుడూ బరంపురంలో ఉండేవారు. ఆ కూతురు ఆయన దగ్గర వడ్డీకి అప్పు తీసుకుని ఉంది. బయల్దేరేముందు ఆయన తన భార్యతో, అప్పు తీర్చడానికి వాళ్ళు రమ్మని ఉత్తరం రాశారు, బరంపురం వెళ్తున్నాను అని చెప్పాడు. ఆ మాట చెప్పేనాటికి ఆయన చావు ఊసే లేదు. మరి దాన్ని మరణ వాంగ్మూలం అనొచ్చా? అప్పటి ఇంగ్లండు చట్టంలో అయితే కుదిరేది కాదు. అక్కడ మనిషికి తాను చావబోతున్నానని తెలిసి చెప్పిన మాటే చెల్లేది. కేసు లండన్ ప్రీవీ కౌన్సిల్ దాకా వెళ్ళింది. 1939లో లార్డ్ అట్కిన్ తీర్పు చెబుతూ, భారత సాక్ష్య చట్టం 32వ సెక్షను అలా లేదు, చావుకి దారితీసిన వ్యవహారంలో భాగమైన పరిస్థితుల గురించి చనిపోయిన మనిషి ముందెప్పుడు చెప్పినా తీసుకోవచ్చు అన్నారు. ముద్దాయి అప్పీలు కొట్టేశారు. పాకాల నారాయణస్వామి కేసు అంటే ఈనాటికీ లా కాలేజీలో మొదటి ఏడు కుర్రాడికి కూడా తెలుసు.

ఇందులో కట్నం లేదు, పెళ్ళి లేదు. అయినా ఈ కేసే కట్నం చావులన్నిటికీ పునాది రాయి. అత్తారింటి నుంచి పిల్ల రాసిన ఉత్తరం, అక్కతో ఫోన్లో ఏడుస్తూ చెప్పిన నాలుగు మాటలు, దసరాకి వచ్చినప్పుడు తల్లి చెవిలో చెప్పిన సంగతి కోర్టు తలుపు దాటి లోపలికి వస్తున్నాయంటే ఆ పిఠాపురం మనిషి భార్యతో చెప్పిన మాట వల్లే.

అయితే లోపలికి రావడం వేరు, గెలవడం వేరు. 1982 జూన్లో పుణెలో ఒక కొత్త పెళ్ళికూతురు సైనైడుతో చనిపోయింది. పెళ్ళయి అప్పటికి నాలుగు నెలలు. సోదరికీ స్నేహితురాలికీ రాసిన ఉత్తరాల్లో భర్త నిర్లక్ష్యం గురించీ, తన భయం గురించీ రాసుకుంది. సెషన్స్ కోర్టు భర్తకి ఉరి వేసింది, బొంబాయి హైకోర్టు సరే అంది. 1984 జూలైలో సుప్రీంకోర్టు అతన్ని వదిలేసింది. జస్టిస్ ఫజల్ అలీ ఉత్తరాలను సాక్ష్యంగా తీసుకోవచ్చనే అన్నారు, పిఠాపురం కేసు చర్చించి మరీ అన్నారు. కాని అవే ఉత్తరాల్లో ఆమె ఎంత కుంగిపోయి ఉందో కూడా కనబడుతోంది, తనే విషం తీసుకుని ఉండవచ్చు కదా అన్నారు. హత్యా ఆత్మహత్యా అన్నది తేలనప్పుడు ఆ సందేహం ముద్దాయిదే. శరద్ బిర్దిచంద్ సార్దా కేసులో చెప్పిన అయిదు సూత్రాలను ప్రత్యక్ష సాక్షి లేని ప్రతి కేసులోనూ ఇప్పటికీ వల్లిస్తారు. వాటిలో మొదటిదాని సారం తెలుగులో చాలా చక్కగా కుదురుతుంది. ‘కావచ్చు’ అనడానికీ ‘అయి తీరాలి’ అనడానికీ మధ్య చాలా దూరం ఉంది, ఆ దూరం ప్రాసిక్యూషనే నడవాలి.

తర్కంగా చూస్తే ఆ తీర్పులో తప్పు పట్టలేం. కాని ఒక ఇబ్బంది ఉంది. అత్తారింట్లో నరకం చూసిన పిల్ల ఉత్తరాల్లో కుంగుబాటు కనబడకపోతే ఇంకేం కనబడుతుంది? బాధపెట్టారనడానికి ఏది రుజువో, ఆత్మహత్య చేసుకుని ఉండొచ్చనడానికి కూడా అదే రుజువైంది. పాత చట్టంలో హత్య రుజువైతే ఉరి లేదా యావజ్జీవం, కాకపోతే విడుదల. ఆత్మహత్యకి ప్రేరేపించారనే నేరం ఉన్నా అది రుజువు చేయడం ఇంకా కష్టం.

ఒక్కోసారి ఒకే సాక్ష్యం మీద ముగ్గురు మూడు రకాలుగా చెప్పేవారు. ఢిల్లీలో 1980 డిసెంబరులో ఒక నిండు గర్భిణి కాలి చనిపోయింది. 1983లో సెషన్స్ జడ్జి భర్తకీ, అత్తకీ, మరిదికీ ఉరిశిక్ష వేశారు. అదే సంవత్సరం హైకోర్టు ముగ్గుర్నీ వదిలేసింది. 1985లో సుప్రీంకోర్టు భర్తకీ అత్తకీ యావజ్జీవం వేసి, మరిది విడుదలని అలాగే ఉంచింది. సాక్ష్యం మారలేదు. కాలుతున్న మనిషి ఇరుగుపొరుగువారి ముందు అన్న మాటలని నమ్మాలా వద్దా అన్నదే తేడా.

మన రాష్ట్రం నుంచి వెళ్ళిన కుందుల బాలసుబ్రహ్మణ్యం కేసు ఇందుకు అచ్చంగా వ్యతిరేక దిశలో నడిచింది. కింది కోర్టు భర్తనీ, అత్తనీ నిర్దోషులంది. ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఆ విడుదలని రద్దు చేసి యావజ్జీవం వేసింది. 1993 మార్చిలో సుప్రీంకోర్టులో జస్టిస్ ఆనంద్ దాన్ని ఖాయం చేశారు. ఆ తీర్పులో నన్ను ఆపేసింది ఒక చిన్న విషయం. ఆమె చనిపోతూ చెప్పిన మాటలు ఎలాగూ ఉన్నాయి. వాటితో పాటు ఆ సమయంలో భర్త ఏం చేశాడన్నది కూడా కోర్టు చూసింది. ఇంట్లో మనిషి మంటల్లో ఉంటే ఎవరైనా దుప్పటి కప్పుతారు, నీళ్ళు పోస్తారు, ఆసుపత్రికి ఎత్తుకుపోతారు. ఆ ప్రయత్నమేదీ వాళ్ళ వైపు నుంచి కనబడలేదు. స్టవ్ పేలిందనో చీర అంటుకుందనో చెప్పే కథలకి ఇంతకంటే సూటైన పరీక్ష నాకు తోచదు. ఇంకో కేసులో, త్రిముఖ్ మారోతి కిర్కన్ అని మహారాష్ట్రది, పాము కరిచి చనిపోయిందన్నారు. పోస్టుమార్టంలో గొంతు నులిమినట్టు తేలింది. ఇంటి లోపల జరిగినదానికి ఇంట్లోవాళ్ళే జవాబు చెప్పాలి, అబద్ధపు జవాబు చెబితే అదే ఒక సాక్ష్యం అని 2006లో సుప్రీంకోర్టు తేల్చింది.

ఈ లోగా చట్టం మారింది. 1983లో 498ఎ సెక్షను వచ్చింది. అదే సంవత్సరం లా కమిషన్ తన 91వ నివేదికని కట్నం చావుల మీదే ఇచ్చింది. 1986 నవంబరు 19 నుంచి శిక్షాస్మృతిలో 304బి, సాక్ష్య చట్టంలో 113బి చేరాయి. పెళ్ళయిన ఏడేళ్ళలోపు, మామూలుగా కాని పరిస్థితుల్లో చావు. అంతకు కొద్ది ముందు భర్తో అతని బంధువులో కట్నం కోసం వేధించారని చూపించాలి. ఇవి చూపిస్తే చావుకి కారణం వాళ్ళేనని కోర్టు ‘భావించాలి’. చూడండి, 1983 సవరణలో ఆత్మహత్యల విషయంలో ‘భావించవచ్చు’ అని రాశారు. మూడేళ్ళకి ‘భావించాలి’ అయింది. మా కంప్యూటర్ల భాషలో చెప్పాలంటే డిఫాల్ట్ మారింది. శిక్ష కనీసం ఏడేళ్ళు, గరిష్ఠంగా యావజ్జీవం. హత్యా ఆత్మహత్యా అన్న సందేహం, సార్దా కేసుని ముంచిన సందేహం, ఇక్కడ పెద్దగా అక్కరకు రాదు. 2024 జూలై 1 నుంచి పాత చట్టాలు పోయి భారతీయ న్యాయ సంహిత, సాక్ష్య అధినియమ్ వచ్చాయి. నంబర్లు మారాయి, 304బి ఇప్పుడు 80, 113బి ఇప్పుడు 118. సరుకు అదే.

మరి సందేహం పోయిందా? పోలేదు. గది మారింది. ఇప్పుడది ‘కట్నం’, ‘కొద్ది ముందు’ అన్న మాటల్లో కాపురం పెట్టింది.

మనకి కట్నం ఒక్కటే కాదుగా. కట్నం, ఆడపడుచు కట్నం, లాంఛనాలు, పసుపు కుంకుమ కింద పొలం, పండగ సారె, పురుటి ఖర్చులు. ఏది చట్టం దృష్టిలో కట్నం? పురుడు, పుణ్యాల సందర్భంగా ఆచారం ప్రకారం ఇచ్చేవి కట్నం కావని 2001లో సత్వీర్ సింగ్ కేసులో అన్నారు. 2007లో అప్పాసాహెబ్ కేసులో ఇంకో అడుగు వేసి, ఇంటి ఖర్చులకీ పొలం ఎరువులకీ పుట్టింటి నుంచి డబ్బు తెమ్మంటే అది కట్నం అడిగినట్టు కాదని శిక్ష కొట్టేశారు. నా మటుకు నాకు అది చాలా అమాయకమైన తీర్పనిపిస్తుంది. మన ఊళ్ళలో అల్లుడు ‘కట్నం’ అనే మాట వాడి అడిగేది పెళ్ళి దాకానే. తర్వాత అన్నీ అవసరాలే. షాపు పెట్టుకోవాలి, బండి కొనాలి, గల్ఫ్ వీసాకి ఏజెంటుకి కట్టాలి. ఎనిమిదేళ్ళ తర్వాత 2015లో ముగ్గురు జడ్జీల బెంచి రాజిందర్ సింగ్ కేసులో ఆ చూపు సరికాదంది. 2022 జనవరిలో మన కృష్ణా జిల్లా పొన్నవరం నుంచి వెళ్ళి ప్రధాన న్యాయమూర్తి అయిన జస్టిస్ ఎన్.వి.రమణ బెంచి, ఇల్లు కట్టుకోవడానికి డబ్బు తెమ్మనడం కూడా కట్నమేనని స్పష్టంగా చెప్పింది. ఆ కేసులో హైకోర్టు, పిల్ల తనే పుట్టింటివారిని అడిగింది కదా అని సందేహపడింది. అడిగించింది ఎవరో చూడండి అని సుప్రీంకోర్టు దాన్ని తోసేసింది.

‘కొద్ది ముందు’ అంటే ఎంత ముందు? వారమా, నెలా, ఏడాదా? దీనికి కొలబద్ద లేదు. 2021 మే నెలలో సత్బీర్ సింగ్ కేసులో, ఇదీ జస్టిస్ రమణ తీర్పే, ‘కొద్ది ముందు’ అంటే ‘వెనువెంటనే’ అని కాదన్నారు. వేధింపుకీ చావుకీ మధ్య తెగని, బతికున్న లంకె ఉంటే చాలు. ఆ కేసులో కట్నం చావు శిక్ష నిలిచింది. ఆత్మహత్యకి ప్రేరేపించారన్న శిక్ష మాత్రం నిలవలేదు.

ఇక్కడ మన అలవాట్ల గురించి ఒక మాట చెప్పాలి. అప్పీళ్ళలో విడుదలైన కేసులు చదువుతుంటే పదేపదే ఒకే చోట తాడు తెగుతుంది. తండ్రి మొదటి రోజు పోలీసులకి ఇచ్చిన స్టేట్‌మెంటులో కట్నం మాట ఉండదు. కోర్టులో మాత్రం ఫలానా తేదీన ఫలానా మొత్తం అడిగారని చెబుతాడు. ముద్దాయి లాయరు లేచి, ఇది తర్వాత అల్లిన కథ అంటాడు. జడ్జీకి సందేహం వస్తుంది, రావడం న్యాయమే. కాని ఆ తండ్రి మొదటి రోజు ఎందుకు చెప్పలేదో మనకి తెలుసు. శవం ఇంకా అక్కడే ఉంది, పసిబిడ్డ వాళ్ళ దగ్గరుంది, పెద్దమనుషులు సర్దుబాటు చేస్తామంటున్నారు. పైగా కట్నం ఇవ్వడం కూడా నేరమేనని ఎవరో భయపెట్టారు. బాధితుల స్టేట్‌మెంటు ఆధారంగా వాళ్ళ మీదే కేసు పెట్టకూడదని 1961 చట్టం ఏడో సెక్షన్లో ఉందని ఎవరూ చెప్పరు. ఇక పెద్దమనుషుల పంచాయితీలకి కాగితం ఉండదు. నాలుగుసార్లు రాజీ చేసిన పెద్దమనిషి సాక్షి బోనులో నాకేం గుర్తు లేదంటాడు. పెళ్ళికిచ్చిన వస్తువుల జాబితా రాసి సంతకాలు చేయాలని 1985 నాటి రూల్సు ఉన్నాయి. నేను హాజరైన పెళ్ళిళ్ళలో అలాంటి జాబితా ఒక్కటీ చూడలేదు. వంటవాడి సరుకుల చీటీ మాత్రం మూడు కాపీలు ఉంటుంది.

మరణ వాంగ్మూలం విషయంలోనూ మన రాష్ట్రపు కేసే దేశమంతా చర్చకి దారితీసింది. పాపరంబక రోసమ్మ కేసు. తొంభై శాతం కాలిన మహిళ వాంగ్మూలాన్ని మేజిస్ట్రేటు స్వయంగా వచ్చి రాసుకున్నారు. పక్కనున్న డాక్టరు, వాంగ్మూలం ఇస్తున్నప్పుడు రోగి స్పృహలో ఉందని సర్టిఫికెట్ ఇచ్చారు. 1999లో సుప్రీంకోర్టు, స్పృహలో ఉండటం వేరు, మానసికంగా వాంగ్మూలం ఇచ్చే స్థితిలో ఉండటం వేరు, రెండో మాట డాక్టరు రాయలేదు కాబట్టి నమ్మలేమంది. ముద్దాయిలు విడుదలయ్యారు. ఒక్క వాక్యం తేడా! ఆ ఏడే ఇంకో బెంచి గుజరాత్ కేసులో దీనికి విరుద్ధంగా చెప్పింది. చివరికి 2002 ఆగస్టులో అయిదుగురు జడ్జీల రాజ్యాంగ ధర్మాసనం లక్ష్మణ్ కేసులో తగువు తీర్చింది. డాక్టరు సర్టిఫికెట్ జాగ్రత్త కోసమే, రాసుకున్న మేజిస్ట్రేటుకి ఆమె మాట్లాడగలిగే స్థితిలో ఉందని నమ్మకం కుదిరితే చాలు, రోసమ్మ కేసులో పట్టుకున్నది అతి సాంకేతికం అన్నారు. ఇది సరైన దిద్దుబాటే. కాని రోసమ్మ కేసు తీర్పుకీ దీనికీ మధ్య మూడేళ్ళలో కింది కోర్టుల్లో ఎన్ని వాంగ్మూలాలు ఆ ఒక్క వాక్యం లేక చెత్తబుట్టలో పడ్డాయో అనిపిస్తుంది.

ఇప్పుడు రెండో వైపు కూడా చూద్దాం. విందు బల్ల దగ్గర రెండో ఆయన మాట పూర్తిగా తీసిపారేయలేం.

2015 జనవరిలో షేర్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఒక మాట అంది. 304బి కింద ప్రాసిక్యూషన్ తన వంతు ‘ఇలా జరిగి ఉండే అవకాశమే ఎక్కువ’ అన్న స్థాయిలో చూపిస్తే చాలు, ఆ తర్వాత తాను నిర్దోషినని సహేతుకమైన సందేహానికి తావు లేకుండా రుజువు చేసుకోవాల్సింది భర్తే అని. అంటే శతాబ్దాల సూత్రం తలకిందులైంది. నాకిది మింగుడు పడదు. ప్రభుత్వానికి పోలీసులున్నారు, లాబొరేటరీలున్నాయి. ముద్దాయికి అంత బరువు పెట్టి, వాళ్ళకి తేలిక బరువు పెట్టడం తూకం కాదు. మిగిలిన బెంచీలు దీన్ని అంత గట్టిగా పట్టుకోలేదు. 2016లో బైజ్‌నాథ్ కేసులో, వేధింపు ముందు గట్టిగా రుజువైతేనే 113బి ఊహ మొదలవుతుంది, అసలు పునాదే లేనిచోట ఊహతో గోడ కట్టలేమని ముద్దాయిలను విడిచిపెట్టారు. కింది కోర్టు వదిలేసిన ఆ ముద్దాయిలకి హైకోర్టు శిక్ష వేసింది. అసలు ఒకసారి విడుదలైన మనిషికి నిర్దోషిత్వం రెట్టింపవుతుందనీ, సాక్ష్యం రెండు రకాలుగా చదవగలిగితే అప్పీలు కోర్టు విడుదలని కదపకూడదనీ 2007లో చంద్రప్ప కేసులో చెప్పారు. మరి కుందుల కేసులో హైకోర్టు ఎలా కదిపింది అంటే, అక్కడ కింది కోర్టు చదివిన తీరు సహేతుకమే కాదని చూపించి కదిపింది.

బంధువులందర్నీ కలిపి ఇరికించడం గురించి 2000లోనే కన్స్‌రాజ్ కేసులో హెచ్చరిక ఉంది. 2018 ఆగస్టులో కె.సుబ్బారావు వర్సెస్ తెలంగాణ కేసు మన ప్రవాసుల ఇళ్ళకి దగ్గరగా ఉంటుంది. భర్త బిడ్డని తనకి తెలియకుండా అమెరికా తీసుకెళ్ళాడని భార్య ఫిర్యాదు. అందులో భర్త మేనమామలు కూడా ముద్దాయిలు. కాపురం తగాదాల్లో, కట్నం చావుల్లో దూరపు బంధువుల మీద ఫలానా పని చేశారని స్పష్టమైన ఆరోపణ లేకుండా ముందుకెళ్ళకూడదని జస్టిస్ నాగేశ్వరరావు, జస్టిస్ బాబ్డే బెంచి వాళ్ళ మీద కేసు కొట్టేసింది. 2024 డిసెంబరులో దారా లక్ష్మీనారాయణ కేసు, ఇదీ తెలంగాణదే, మళ్ళీ ఆ మాటే చెప్పింది. ఇలాంటివి చూపించి కట్నం చావులన్నీ అబద్ధాలేనని వాట్సాప్‌లో తిప్పేవాళ్ళు ఒక లెక్క చూడాలి. జాతీయ నేర గణాంకాల ప్రకారం కట్నం చావు కేసులు 2010లో 8,391. పన్నెండేళ్ళ తర్వాత, 2022లో కూడా 6,400కు పైనే. అనవసరంగా ఇరుక్కున్న మేనమామ ఉన్నాడన్నది నిజం. అంతమంది పిల్లలు చనిపోయారన్నదీ నిజం. ఒకటి రెండోదాన్ని చెరపదు.

మనలాగా దేశం బయట ఉన్నవాళ్ళ సంగతేమిటి? పెళ్ళి గుంటూరులో, కాపురం మస్కట్‌లో, కష్టం ఇక్కడ. ఇక్కడ ఏదైనా జరిగితే దర్యాప్తు ముందు రాయల్ ఒమన్ పోలీసులది, ఇక్కడి ప్రాసిక్యూషన్‌ది. ఇక్కడి చట్టంలో 304బి లాంటి సెక్షను, ఏడేళ్ళ లెక్క లేవు. భారతీయ పౌరుడు విదేశంలో చేసిన నేరానికి ఇండియాలోనూ కేసు నడపవచ్చు గానీ కేంద్ర ప్రభుత్వం అనుమతి కావాలి. దీనిమీద దారి చూపిన కేసు ప్రకాశం జిల్లాది. భర్త ఉద్యోగం ఆఫ్రికాలోని బోట్స్‌వానాలో. భార్య అక్కణ్ణుంచే ఒంగోలు ఎస్పీకి కొరియర్లో ఫిర్యాదు పంపింది. అది మేదరమెట్ల పోలీసు స్టేషనుకి వెళ్ళి, అద్దంకి కోర్టుకి చేరింది. 2011 సెప్టెంబరులో తోట వెంకటేశ్వర్లు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదీ: ఫిర్యాదు తీసుకోవడానికి, దర్యాప్తుకి, కోర్టు కేసుని స్వీకరించడానికి అనుమతి అక్కర్లేదు. విచారణ మొదలుపెట్టాలంటే మాత్రం విదేశంలో జరిగిన నేరాలకి కేంద్రం అనుమతి తప్పనిసరి. ఇండియాలో జరిగినదానికి, అంటే పెళ్ళప్పటి కట్నం వంటిదానికి, ఆ అనుమతి లేకుండానే నడపొచ్చు. అదృష్టవశాత్తూ ఆమె బతికుండి ఫిర్యాదు చేసింది. ప్రాణం పోయిన కేసుకీ ఇదే తలుపు. పాత 188 సెక్షను ఇప్పుడు కొత్త నాగరిక్ సురక్షా సంహితలో 208.

చివరగా నా వృత్తికి సంబంధించిన ముక్క చెప్పి ముగిస్తాను. 1980లలో మస్కట్ నుంచి ఇంటికి ఉత్తరాలూ, మాటలు నింపిన క్యాసెట్లూ వెళ్ళేవి. ఇప్పుడు పిల్లల కష్టమంతా వాట్సాప్ వాయిస్ మెసేజుల్లో ఉంటుంది. పిఠాపురం తీర్పు ప్రకారం అవి సాక్ష్యంగా పనికొస్తాయి. కాని ఎలక్ట్రానిక్ రికార్డుకి సర్టిఫికెట్ ఉండాలి. 2000లో ఐటీ చట్టంతో వచ్చిన 65బి నియమం అది, కొత్త చట్టంలో 63. మధ్యలో ఒక బెంచి ఆ సర్టిఫికెట్ అంత ముఖ్యం కాదన్నట్టు చెప్పింది. 2020 జూలైలో అర్జున్ పండిత్‌రావ్ కేసులో ముగ్గురు జడ్జీలు, తప్పనిసరే అని తేల్చారు. మెసేజు ఉన్న ఫోన్నే దాని సొంతదారు తెచ్చి సాక్షిగా నిలబడి కోర్టుకిస్తే సర్టిఫికెట్ అవసరం లేదు. స్క్రీన్‌షాట్ తీసి ప్రింటు వేసుకుంటే మాత్రం చిక్కే. ముందూ వెనకా మెసేజులు ఏమయ్యాయని, తేదీ ఎవరు మార్చారని అవతలి లాయరు అడుగుతాడు. ఆ ప్రశ్నలోంచే సందేహం పుడుతుంది, ఆ సందేహమే అప్పీలులో పెరిగి పెద్దదవుతుంది.

కాబట్టి పిల్ల పంపిన మెసేజులు బాధగా ఉన్నాయని డిలీట్ చేయకండి. ఆ ఫోను పాతదైందని లులూలో ఆఫరు చూసి ఎక్స్ఛేంజిలో ఇచ్చేయకండి. చార్జరుతో సహా బీరువాలో పెట్టండి.